ఇస్ఫహాన్ జామే మసీదు కట్టింది ఏ సంవత్సరం? నాలుగు చోట్ల నాలుగు తేదీలు

బీఆర్క్_బాధితుడు

అందరికీ నమస్తే. బీఆర్క్ మూడో సంవత్సరం. వచ్చే గురువారం నా సెమినార్. టాపిక్‌లు చీటీలు వేసి పంచారు, పక్కవాడికి తాజ్‌మహల్ వస్తే నాకు ఇరాన్‌లోని ఇస్ఫహాన్ జామే మసీదు తగిలింది. సరే చదువుదాంలే అని కూర్చుంటే మొదటి స్లైడ్ దగ్గరే బండి ఆగిపోయింది. కట్టిన సంవత్సరం ఒక చోట 771 అని ఉంది, యునెస్కో వాళ్ళు 841 నుంచి లెక్క మొదలుపెడతారు, లైబ్రరీలో దొరికిన ఒక పుస్తకం 1086-87 అంటుంది, ఇంకొకటి 1121 తర్వాతే అసలు కట్టడం అంటుంది. మా సార్‌కి తేదీల పిచ్చి, తప్పు కనబడితే అక్కడే ఆపేసి అందరి ముందూ నిలబెడతారు. ఏది రాయాలి?

రెండో డౌట్. ప్లాన్‌లో దక్షిణం వైపు పెద్ద గుంబజ్, ఉత్తరం వైపు చిన్న గుంబజ్ ఉన్నాయి. చదివిన ప్రతిచోటా చిన్నదాన్నే ఆకాశానికెత్తేస్తున్నారు. ఫోటోలో చూస్తే నాకు మామూలు ఇటుక గుమ్మటంలాగే ఉంది, రంగు లేదు, టైల్స్ లేవు. అందులో అంత ఏముందో కాస్త తెలుగులో చెప్పి పుణ్యం కట్టుకోండి.

గోదారిగట్టు

1611 తమ్ముడూ. షా అబ్బాస్ కట్టించాడు. నీలం టైల్స్, ముందు పెద్ద మైదానం, చాలా ఫేమస్. వేరే ఏవీ రాయకు.

పాతబస్తీ_పిల్లోడు

గోదారిగట్టు అన్నా, పప్పులో కాలేశావు. నువ్వు చెప్పేది షా మసీదు, నక్ష్-ఎ-జహాన్ మైదానం దక్షిణపు అంచున ఉండేది, 1611లో మొదలైంది. ఇతను అడిగేది జామే మసీదు, అంటే శుక్రవారం మసీదు. అది పాత ఊళ్ళో ఉంది. కొత్త మైదానం నుంచి కప్పుల బజారు పట్టుకుని ఉత్తరంగా నడుచుకుంటూ పోతే దాదాపు రెండు కిలోమీటర్లు. షా అబ్బాస్ 1598లో రాజధానిని ఇస్ఫహాన్‌కి మార్చి కొత్త మైదానం చుట్టూ కొత్త ఊరు కట్టుకునే నాటికే ఈ పాత మసీదుకి ఎనిమిది వందల ఏళ్ళ వయసు. పోస్టుకార్డుల మీద నీలం గుంబజ్ ఉంటే అది ఇది కాదనుకో, సగం గొడవ అక్కడే తీరిపోతుంది. సెమినార్‌లో తప్పు ఫోటో పెడితే మాత్రం మీ సార్ తేదీ దాకా రానివ్వడు.

శిథిలాలశారద

బాబూ, నీకు కనబడ్డ నాలుగు తేదీల్లో ఏదీ తప్పు కాదు. ప్రశ్నే తిరగరాసుకోవాలి. తాతగారి పెంకుటింటికి నాన్న ముందు వరండా వేసి, అన్నయ్య పెంకులు దింపి స్లాబు పోస్తే ఆ ఇల్లు ఎప్పుడు కట్టారని అడిగితే ఏం చెప్తావు? ఇదీ అంతే, కాకపోతే ఇక్కడ తాతలు ఎక్కువ.

771 ప్రాంతంలో, అబ్బాసీ ఖలీఫా అల్ మన్సూర్ కాలంలో, ఇక్కడ ఒక చిన్న మసీదు ఉండేది. దాని కిబ్లా దిక్కు, అంటే నమాజుకి మొహం తిప్పే మక్కా దిక్కు కూడా ఇప్పటిదానికి కాస్త పక్కకి ఉండేదట. 1970ల్లో ఇటలీ బృందం నేల తవ్వితే దాని గోడ, గచ్చు మీద చెక్కిన ద్రాక్షతీగల నగిషీ బయటపడ్డాయి. ఊరు పెరిగి జనం పట్టకపోతే 840-41లో, అల్ ముతసిమ్ ఖలీఫాగా ఉన్నప్పుడు, అది తీసేసి చాలా పెద్దది కట్టారు. మధ్యలో వాకిలి, చుట్టూ వరసలు వరసలుగా స్తంభాల చావడి, అంటే ఆ రోజుల్లో అరబ్బుల మసీదులు ఎలా ఉండేవో అలాగే. పదో శతాబ్దంలో బువాయిహీ పాలకుల కాలంలో వాకిలి చుట్టూ ఇంకో వరస గుండ్రటి ఇటుక స్తంభాలు వేశారు, దాంతో వాకిలి కొంచెం ఇరుకైంది. ఆ స్తంభాల మీద ఇటుకలతోనే ముగ్గులాగా పేర్చిన పని ఇప్పటికీ అక్కడక్కడా కనిపిస్తుంది.

1051లో సెల్జూక్ తుర్కులు వచ్చారు. తుగ్రిల్ బేగ్ ఊరు పట్టుకుని రాజధాని చేసుకున్నాడు. అతని తర్వాత రెండో తరం మాలిక్ షా. అతని వజీరు నిజాముల్ ముల్క్, దాదాపు ముప్పై ఏళ్ళు రాజ్యం నడిపిన మనిషి, 1086-87లో కిబ్లా గోడ ముందు స్తంభాలు కొన్ని తీయించేసి ఆ చోట పెద్ద గుంబజ్ గది కట్టించాడు. నీ పుస్తకంలో తేదీ అదే. రెండేళ్ళు తిరక్కుండానే, 1088-89లో, సరిగ్గా ఎదురు కొసన, ఉత్తరాన, ఇంకో గుంబజ్ లేచింది. దాన్ని కట్టించింది తాజుల్ ముల్క్. ఇతను మాలిక్ షా భార్య తెర్కెన్ ఖాతూన్ వ్యవహారాలు చూసేవాడు, నిజాముల్ ముల్క్‌కి బద్ధశత్రువు. ఆవిడ తన కొడుకు మహమూద్‌ని వారసుడిని చేయాలంటుంది, ముసలి వజీరు పెద్దకొడుకు బర్క్‌యారుక్ పక్షం. ఇక చూడు, ఒకే మసీదు రెండు కొసల్లో రెండు పక్షాల పేర్లు ఇటుకల్లో చెక్కి ఉన్నాయి. 1092 అక్టోబరులో నిజాముల్ ముల్క్‌ని సూఫీ వేషంలో వచ్చినవాడు పొడిచి చంపాడు. నెలరోజులు తిరిగేసరికి మాలిక్ షా పోయాడు. మరుసటి ఏడు తాజుల్ ముల్క్‌ని పాత వజీరు మనుషులు చంపేశారు. పంతం పట్టిన ఇద్దరూ పోయారు, గుంబజులు మాత్రం రెండూ ఉన్నాయి.

1121-22లో మసీదుకి నిప్పు పెట్టారు, ఆ నింద షియాల్లో ఒక శాఖ అయిన ఇస్మాయిలీల మీద పడింది. తర్వాత కట్టిన ఒక ద్వారం మీద శాసనంలో ఈ దహనం సంగతి రాసి ఉంది. ఆ తర్వాతి మరమ్మతుల కాలంలోనే వాకిలి నాలుగు పక్కలా నాలుగు ఐవాన్లు లేచి ఇప్పుడు మనం ఫోటోల్లో చూసే రూపం వచ్చింది. ఐవాన్ అంటే మూడు పక్కల గోడ, పైన ఎత్తయిన కమాను కప్పు, ఒక పక్క పూర్తిగా తెరిచి ఉండే హాలు. ఇది అరబ్బుల సరుకు కాదు, ఇస్లాం రాకముందు ఇరాన్ రాజుల కొలువుకూటాల సరుకు. బాగ్దాద్ దగ్గర తాఖ్-ఎ-కస్రా అని ఒక్క కమాను మిగిలిన సాసానీ రాజుల కట్టడం ఫోటో ఒకటి పక్కన పెట్టు, నువ్వు మాటల్లో చెప్పే పని ఉండదు. అరబ్బుల స్తంభాల చావడి గర్భంలోకి రాజభవనం వాకిలిని దూర్చారన్నమాట. నాకైతే ఈ మసీదు కథ మొత్తంలో ఇదే అసలు మలుపు, గుంబజులు కాదు. దీని తర్వాత ఇరాన్‌లో మసీదంటే నాలుగు ఐవాన్లే. దగ్గర్లోని జవారేలో 1135-36లో పునాది నుంచే అలా కట్టేశారు.

ఇంకోటి, దక్షిణం అని అందరం అంటున్నాం గానీ ఇస్ఫహాన్ నుంచి మక్కా నైరుతి వైపు ఉంటుంది. మన దగ్గర మసీదులన్నీ పడమటికి ఉంటాయి కదా, ఆ అలవాటుతో ప్లాన్ తిప్పి పెట్టేవు జాగ్రత్త.

తాపీమేస్త్రీ_మనవడు

రెండో డౌట్ నాకు వదిలేయండి. మా తాత తాపీమేస్త్రీ, నేను సైట్ ఇంజనీర్. ఇస్ఫహాన్ ఎప్పుడూ చూడలేదు, కానీ ఇటుక ఎలా నిలబడుతుందో కాస్త తెలుసు.

సమస్య చాలా మామూలుది. గది చదరం, గుమ్మటం గుండ్రం. గుమ్మటం అంచు నాలుగు గోడల నడుమ భాగంలో గోడ మీద కూర్చుంటుంది, మూలల దగ్గర మాత్రం గాలిలో వేలాడుతుంది. మనమైతే మూలకి అడ్డంగా ఒక బీమ్ పడేసి పని కానిచ్చేస్తాం. వాళ్ళకి కాంక్రీట్ లేదు, స్టీల్ లేదు, ఆ పీఠభూమిలో పెద్ద దూలాలకి చెట్లు కూడా తక్కువే. ఉన్నది ఇటుక, గచ్చు. అందుకని మూలకి అడ్డంగా కమాను కట్టారు. నాలుగు మూలల్లో నాలుగు, వాటికి జతగా నాలుగు గోడల మీద నాలుగు, మొత్తం ఎనిమిది. చదరం ఎనిమిది పలకలైంది. దానిపైన పదహారు చిన్న కమాన్లు. పదహారు పలకలంటే గుండ్రానికి దగ్గరకి వచ్చేసినట్టే, దాని మీద ఒక పట్టీ, పట్టీ మీద గుమ్మటం.

పర్షియా మేస్త్రీల తెలివి ఆ మూల కమానులో ఉంది. ఒకటే పెద్ద బోలు కమాను పెట్టకుండా దాన్ని మూడు ముక్కలు చేశారు, మధ్యలో లోతుగా ఒకటి, రెండు పక్కలా సగం సగం కమాన్లు, చూడ్డానికి మూడు రేకుల పువ్వు. బరువు ఒక్కచోట పడకుండా చీలిపోతుంది, కంటికీ ముద్దలాగా ఉండదు. ఈ ముక్కల్ని ఇంకా ఇంకా చిన్నవి చేసుకుంటూ పోతే అదే ముఖర్నాస్, తేనెపట్టులాగా వేలాడే ఆ పని. ఇక సెంట్రింగ్ సంగతి. ఇరాన్‌లో గచ్ అంటే జిప్సం, నీళ్ళు కలిపిన నిమిషాల్లో పట్టేస్తుంది, ఇటుక అలా ఆనిస్తే అలాగే ఉండిపోతుంది. అందుకే కింద పెద్ద చెక్కల సెంట్రింగ్ కొట్టకుండానే చాలా కప్పులు లేపేవాళ్ళు. ఈ మసీదులో ఇలాంటి చిన్నా పెద్దా కప్పులు నాలుగు వందల డెబ్బైకి పైగా ఉన్నాయి, ఎక్కువ భాగం గుమ్మటాలే. మనం అనే గచ్చు, కమాను, గుమ్మటం అన్నీ ఆ పారశీ వైపు నుంచి వచ్చిన మాటలే. మా తాతకి ఇది చెబితే నమ్మలేదనుకోండి, అవి మన మాటలేరా అని కొట్టిపారేశాడు.

ఇప్పుడు పెద్దది, చిన్నది. దక్షిణపు గుంబజ్ లోపల సుమారు 15 మీటర్ల వెడల్పు, ఆ కాలానికి చాలా పెద్ద సాహసం. కానీ కింద లావు లావు స్తంభాలు, పైన కమాన్లు, ఆపైన గుమ్మటం, ఏ అంతస్తుకి ఆ అంతస్తు విడిగా ఉంటుంది. బరువు మోస్తున్నట్టు తెలిసిపోతుంది. ఉత్తరపుది సుమారు 10 మీటర్లే, ఎత్తు మాత్రం దానికి రెట్టింపు, 20 దాకా. కింద నేల మీద మొదలైన సన్నటి గీత ఒకదాన్ని పట్టుకుని కళ్ళు పైకెత్తితే, అది గోడ కమానుకి అంచవుతుంది, దానిపైన మూల కమానుకి అంచవుతుంది, దానిపైన పదహారింటిలో ఒకదానికి అంచవుతుంది. ఏ గీతా మధ్యలో ఊరికే ఆగిపోదు. కింద వేసిన ప్రతి గీతకీ పైన పని ఉంది. రెండేళ్ళ తేడాతో అదే ఊళ్ళో పెద్దదాన్ని చూసి, అందులో ఏది అతకలేదో గమనించి, కట్టినట్టు ఉంటుంది నాకు. రంగు లేదని బాధపడ్డావు కదా, రంగు ఉంటే ఈ గీతలు కనబడేవే కాదు.

గుమ్మటం లోపల పైన ఇటుక పక్కటెముకలతో అయిదు కొసల నక్షత్రం ఉంటుంది. అది చూడకుండా స్లైడ్ చేయకు.

బీఆర్క్_బాధితుడు

శారద గారూ, మేస్త్రీ మనవడు అన్నా, ఇద్దరికీ దండాలు. ఈ వజీర్ల గొడవ మా పుస్తకంలో ఒక్క లైను కూడా లేదు. చిన్న అనుమానం, మా ఫ్రెండ్ ఒకడు హైదరాబాద్ ఇస్ఫహాన్‌ని చూసి కట్టిందే, చార్మినార్ ముందు మైదానం నక్ష్-ఎ-జహాన్ కాపీ అంటున్నాడు. చివరి స్లైడ్‌లో పెడితే మనవాళ్ళు చప్పట్లు కొడతారు. పెట్టొచ్చా?

పాతబస్తీ_పిల్లోడు

మా ఊరి గురించి ఎవరైనా గొప్పగా చెబితే నాకూ సంతోషమే గానీ ఇది లెక్క కుదరదు తమ్ముడూ. చార్మినార్ 1591. పైన చెప్పా కదా, షా అబ్బాస్ ఇస్ఫహాన్‌కి మారిందే 1598లో, షా మసీదు మొదలైంది 1611లో. హైదరాబాద్ గీసేటప్పటికి సఫవీల, అంటే షా అబ్బాస్ వంశం వాళ్ళ, రాజధాని కజ్వీన్. పుట్టని తమ్ముడి చొక్కా అన్న తొడుక్కున్నట్టు ఉంటుంది ఆ మాట.

అలాగని సంబంధం లేదని కాదు, బోలెడుంది. కులీ కుతుబ్ షా పేష్వా, అంటే ప్రధానమంత్రి, మీర్ మొమిన్ అస్తరాబాదీ ఇరాన్ మనిషి, 1580ల్లో గోల్కొండకి వచ్చాడు, ఊరు వేయడంలో అతని చెయ్యి ఉందని మనవాళ్ళు ఎప్పటినుంచో చెప్పుకునేదే. పత్తర్‌గట్టీ పక్కన బాద్షాహీ ఆషుర్ఖానా, అంటే మొహర్రంకి పీర్లు నిలిపే చోటు, ఉంది, 1590ల్లో కట్టింది, లోపల గోడల నిండా 1611 నాటి రంగు టైల్స్. ఆ పని చూస్తే ఇరాన్ చెయ్యి తెలిసిపోతుంది. వెయ్యిసార్లు ఆ దారిన పోయి లోపలికి వెళ్ళనివాళ్ళు నాకు తెలిసే యాభైమంది ఉంటారు.

కానీ నీ టాపిక్‌కి సరిగ్గా అతికేది కావాలంటే బీదర్ వెళ్ళు. హైదరాబాద్ నుంచి బస్సెక్కితే పొద్దున వెళ్ళి రాత్రికి వచ్చేయొచ్చు. అక్కడ మహమూద్ గవాన్ మదర్సా, 1472లో పూర్తయింది. గవాన్ ఇరాన్‌లోని గీలాన్ నుంచి వచ్చి బహమనీలకి వజీరైనవాడు. మధ్యలో వాకిలి, ముందు పక్క మినార్, నీలం పచ్చ టైల్స్, ఇస్ఫహాన్‌లో మొదలైన ఆ నాలుగు ఐవాన్ల పద్ధతి దక్కన్ దాకా నడిచొచ్చిందనడానికి సాక్ష్యం. 1696లో మందుగుండు పేలి సగం పోయింది, ఉన్న సగమే చాలు. ఇంకో సంగతి, ఈ వజీరుకి కూడా నిజాముల్ ముల్క్ లాంటి చావే. గిట్టనివాళ్ళు దొంగ ఉత్తరం పుట్టిస్తే సుల్తాను నమ్మి 1481లో తల తీయించాడు. ఎక్కడో తెలుసా, మన కొండపల్లిలో. బొమ్మల కొండపల్లే.

గోదారిగట్టు

1611 వెనక్కి తీసుకుంటున్నాను. కొండపల్లి మా అమ్మమ్మ వాళ్ళకి పక్క ఊరు, ఈ సంగతి ఇవాళే వింటున్నా.

శిథిలాలశారద

తీసుకోకండి, ఉంచండి. సరిగ్గా ఆ తప్పే రేపు చదివే ఇంకొకరు కూడా చేస్తారు.

బాబూ, సెల్జూకుల దగ్గరే ఆగిపోకు. నాకు ఆ మసీదులో అన్నిటికంటే ఇష్టమైనది 1310 నాటి మిహ్రాబ్, అంటే కిబ్లా గోడలో ఉండే గూడు. పడమటి ఐవాన్ పక్క హాల్లో ఉంటుంది. ఇరాన్‌ని ఏలిన మంగోల్ రాజు, ఇల్‌ఖాన్ ఒల్జైతు పేరు మీద అతని వజీరు ముహమ్మద్ సావీ చేయించాడు, అక్షరాలు దిద్దినవాడు హైదర్. ఒల్జైతుకి చిన్నప్పుడు బాప్తిస్మం ఇచ్చి నికోలస్ అని పేరు పెట్టారు, మధ్యలో బౌద్ధం, తర్వాత సున్నీ, చివరికి షియా. షియా అయిన కొత్తలోనే ఈ మిహ్రాబ్, అందుకే దాని మీద అలీ పేరు, ఇమాముల పేర్లు. రాజు మారిన మతాన్ని ఊరి పెద్ద మసీదు గోడ మీద ప్రకటించడమే అది. పని అంతా గచ్చులో చెక్కింది, అక్షరాల వెనక తీగ, తీగ వెనక ఇంకో తీగ, పొరలు పొరలుగా లోపలికి వెళ్తుంది. రాయి అనుకుంటారు చాలామంది.

1447-48లో తైమూరీల కాలంలో పడమటి వైపు చలికాలపు హాలు వేశారు. కప్పు చాలా కిందికి ఉంటుంది, కమాన్లు నేల నుంచే లేచినట్టు, డేరాలోకి దూరినట్టు ఉంటుంది. కిటికీలు లేవు. కప్పులో పలచని చలువరాయి పలకలు అమర్చారు, వెలుతురు వాటిలోంచి పాలలాగా దిగుతుంది, చలి దిగదు. 1475-76లో ఆక్ కొయున్లు తుర్కుల రాజు ఉజున్ హసన్ దక్షిణపు ఐవాన్ బాగుచేయించాడు. వాకిలి చుట్టూ నీకు కనిపించే రంగు టైల్స్ ఎక్కువ భాగం ఈ పదిహేనో శతాబ్దం నుంచి సఫవీల దాకా అతికించినవే. సెల్జూకులది ఒట్టి ఇటుక. అంచేత వాకిట్లో నిలబడితే రంగు, గుంబజ్ కిందకి వెళ్తే ఇటుక. ఆఖరికి 1980ల్లో ఇరాక్‌తో యుద్ధంలో బాంబు దాడికి ఒక పక్క కూలిపోతే అదీ మళ్ళీ కట్టారు. 2012లో యునెస్కో జాబితాలో చేరింది.

ఐవాన్ల పేర్లు కూడా రాసుకో. దక్షిణానిది సాహెబ్, ఉత్తరానిది దర్వేష్, పడమటిది ఉస్తాద్, తూర్పుది షాగిర్ద్. అంటే గురువూ శిష్యుడూ వాకిలికి చెరో పక్క ఎదురెదురుగా నిలబడి ఉంటారు. గురువారం నువ్వూ మీ సారూ లాగా.

బీఆర్క్_బాధితుడు

గురువారం అయిపోయింది, బతికే ఉన్నా. మొదటి స్లైడ్‌లో సంవత్సరం తీసేసి ప్లాన్ ఒకటి పెట్టి ఏ కాలం ముక్కకి ఆ కాలం రంగు వేశాను, ఏడు రంగులు పట్టాయి. సార్ నిలబెట్టలేదు గానీ ఒకటి అడిగారు, నేను తెల్లమొహం వేశాను. ఉత్తరపు గుంబజ్ గీసేటప్పుడు నాకూ తగిలింది అది. నాలుగు, ఎనిమిది, పదహారు, ఇంతవరకు బాగానే రెట్టింపు అవుతూ వచ్చింది, పైన నక్షత్రానికి అయిదు కొసలు. పదహారుని అయిదుతో భాగిస్తే పోదు కదా. కింది కమాన్ల మీద ఆ పక్కటెముకలు ఎలా కూర్చున్నాయి?

తాపీమేస్త్రీ_మనవడు

కూర్చోలేదు, అందుకే బాగుంది. మధ్యలో గుండ్రటి పట్టీ ఉందన్నా కదా, గుమ్మటం మొదట్లో. దాని మీదే శాసనం, తాజుల్ ముల్క్ పేరూ హిజ్రీ 481, అంటే 1088-89, అనే తేదీ ఉన్నాయి. ఆ పట్టీ దాకా వచ్చేసరికి కింది మూలలన్నీ కరిగి ఒట్టి వృత్తం మిగులుతుంది. వృత్తానికి మూలలుండవు కాబట్టి మేస్త్రీకి అక్కడ లెక్క మళ్ళీ సున్నా నుంచి మొదలుపెట్టే వీలు దొరికింది, ఎనిమిదిగా చేసినా అడిగేవాడు లేడు, ఆయన అయిదు చేశాడు. డ్రాయింగ్‌లో పట్టీని సన్నగా ఒక గీతలాగా వేసి ఉంటావు, అందుకే కిందా పైనా కొట్టుకున్నట్టు కనిపించింది. దాన్ని సరైన మందంలో వేసి మళ్ళీ చూడు.